అంగడి లేని బజారు

అంగడి లేని బజారు యాడన్నా ఉంటాదా? ఉంది. హైదరాబాదు పడమటి కొసన మాదాపూరులో మొదలుపెట్టి గచ్చిబౌలి, నానక్‌రామ్‌గూడ దాకా అంతా అదే. దాన్ని బిజినెస్ డిస్ట్రిక్ట్ అంటారంట. బతుకంతా ఆలూరులో ఫ్యాన్సీ, స్టేషనరీ అంగడి నడిపినోణ్ణి, బిజినెస్ అంటే ఏందో కొంచెమన్నా తెలుసనే అనుకుంటాను. ఆ అద్దాల మేడల నడుమ పొద్దున్నుంచి మాపటి దాకా తిరిగినా ఒక తక్కెడ కనపడలేదు, ఒక మూట దిగింది లేదు, ‘ఎంతకిస్తావు?’ అని ఒకడు ఇంకొకణ్ణి అడిగింది లేదు. మా పిల్లోడు పనిచేసేది అక్కడే. “నాయనా, ఇక్కడ బేరమంతా కంప్యూటర్లో జరుగుతాది” అన్నాడు. జరగనీ. అవతలోని మొఖం చూడకుండా రేటు తెగ్గొట్టేది ఎట్లనో నాకు మాత్రం అంతుపట్టలేదు.

మా రోజుల్లో హైదరాబాదు పోవడమంటే సరుకుకు పోవడం. నిజానికి ఆలూరోళ్లకు ఆ ఊరు పుట్టుకతో వచ్చిన చుట్టం కాదు. మాది ఒకప్పుడు బళ్లారి జిల్లా. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు ఆలూరు, ఆదోని తాలూకాలు కర్నూలు జిల్లాకు, రాయదుర్గం తాలూకా అనంతపురం జిల్లాకు వచ్చినాయి. బళ్లారేమో మైసూరు పక్కకు పోయింది. రాజధాని కర్నూలు. డేరాల్లో ఆఫీసులు పెట్టుకోనైనా మూడేండ్లు నడిపినారు. 1956 నవంబరులో అదీ మూటాముల్లె సర్దుకోని హైదరాబాదుకు పోయింది. అప్పటినుంచి పత్తికి ఆదోని, పెండ్లి గుడ్డలకు బళ్లారి, సర్కారు కాగితాలకు హైదరాబాదు, ఇదీ మా లెక్క. గాజులు, దువ్వెనలు, రిబ్బన్లు, పలకలు, స్టీలు గిన్నెలు అంటే మాత్రం బేగంబజారును మించింది లేదని మా నాయన కాలంలోనే తేలిపోయింది.

ఆలూరు నుంచి కర్నూలుకు ఒక బస్సు, కర్నూల్లో రాత్రి ఇంకో బస్సు. తెల్లారేసరికి గౌలిగూడ. ఆ బస్టాండు నైజాము కాలం నాటి పెద్ద రేకుల షెడ్డు. పైకప్పు కమాను మాదిరి వంగి ఉండేది, కింద బస్సుల పొగ, బీడీల పొగ కలిసి తిరిగేది. 1994లో పక్కనే ఇమ్లిబన్‌లో కొత్త బస్టాండు కట్టినాక మా బస్సులు అటు పోయినాయి. ఆ పాత షెడ్డు 2018 జులైలో కూలిపోయిందని పేపర్లో చదివిన పొద్దు నాకు అన్నం సయించలేదు. ఇంట్లో వాళ్లు నవ్వినారు.

బస్సు దిగితే చాలు, పనులన్నీ కాలినడక దూరంలో ఉండేవి. అఫ్జల్‌గంజ్ దాటి సందు తిరిగితే బేగంబజారు. ఒక గల్లీ అంతా ఇత్తడి, స్టీలు. ఒక గల్లీలో దారాలు, గుండీలు, జడకుప్పెలు. ఆ పక్కనే ఎండుమిరప ఘాటుకు తుమ్ముకుంటా నడవాల్సిన కిరాణా సందు. ఏ సరుకు యాడ దొరుకుతాదో బోర్డు చూడనక్కరలేదు, ముక్కే చెప్తాది. నయాపుల్ మీద మూసీ దాటితే మదీనా, పత్తర్‌గట్టీ రాతి కమాన్ల కింద గుడ్డల అంగళ్లు, ఇంకా ముందుకు పోతే చార్మినారు, దాని పక్కన లాడ్‌బజారు. గాజులు అక్కడే. కుంపటి ముందర కూర్చోని లక్క గాజు మీద అద్దాల ముక్కలు పొదుగుతా ఉంటాడు ఒక ముసలాయన. మా ఊర్లో ఈ నీలం పోదు, ఆకుపచ్చది చెయ్యి అంటే అక్కడికక్కడే చేసి ఇచ్చేవాడు. మధ్యాహ్నం తిరిగి కోఠీకి వచ్చి పిల్లోళ్ల పుస్తకాలు, గైడ్లు. సాయంత్రం మూటలన్నీ లారీ ఆఫీసులో వేసి రసీదు జేబులో పెట్టుకుంటే పని అయిపోయినట్టే.

ఆ నడకలోనే ఇంకో మూడు పనులు కూడా జరిగేవి, అవీ చెప్పాల. ఉస్మానియా ఆసుపత్రి దారిలోనే, ఊరోళ్లెవరన్నా అక్కడ పడి ఉంటే చూసి రావచ్చు. ఏటి ఆవలి గట్టున హైకోర్టు, భూమి తగాదా ఉన్నోడు వకీలును కలిసి రావచ్చు. ఆసుపత్రి వరసలోనే పెద్ద లైబ్రరీ, చదువుకునే పిల్లోడు వెంట వస్తే వాణ్ణి అక్కడ కూర్చోబెట్టి మన పని మనం చూసుకోవచ్చు. జబ్బు, తగాదా, చదువు, బేరం అన్నీ ఒక కోసు దూరంలో. పల్లెటూరి మనిషి నగరానికి వస్తే వానికి ఏం పని ఉంటాదో ఆ బజారుకు తెలుసు.

బేగంబజారు సేట్లకైతే మన మబ్బుల సంగతి కూడా తెలుసు. మేము సరుకు తెచ్చుకునే సేటు గద్దె మీద నుంచి లేచేవాడు కాదు గానీ, నన్ను చూస్తానే మొదటి మాట, “ఆలూర్ వాలే, బారిష్ హుయీ క్యా?” మా యోగక్షేమం మీద ప్రేమ కాదు అది. మాకు సరుకు అప్పు మీద ఇస్తాడు. ఆలూరులో వాన పడితే శెనక్కాయ పండుతాది, శెనక్కాయ పండితే సంక్రాంతికి గాజులు పోతాయి, గాజులు పోతే ఆయన బాకీ తీరుతాది. జూన్‌లో వాన మొగం చాటేస్తే మూటలో నాలుగో వంతు తగ్గించేవాడు. ‘ఎందుకు సేట్?’ అంటే పంచాంగం చూసినట్టు తల ఊపేవాడు. మా కరువును మా తాసీల్దారు కంటే ముందు బేగంబజారే లెక్కగట్టేది.

ఇప్పుడు ఆ మేడల్లో కూర్చున్న పిల్లోళ్లకు న్యూయార్కులో టైమెంతో నిద్రలో లేపి అడిగినా చెప్తారు. తప్పంటలేదు, వాళ్ల సేటు అక్కడ ఉన్నాడు. కానీ ఆలూరులో వాన పడిందా లేదా అని అడగాల్సిన పని ఆ మొత్తం డిస్ట్రిక్టులో ఒక్కనికీ లేదు. మా వానకూ వాళ్ల రూపాయికీ నడుమ దారం తెగింది.

ఒకరోజు మా పిల్లోడు తాళాలు మరిచి ఆఫీసుకు పోతే ఇచ్చి వద్దామని పోయినాను. ఏ కంపెనీ అని చెప్పను, అన్నింటికీ గేటు ఒకటే మాదిరి. “కహా జానా హై?” అన్నాడు సెక్యూరిటీ ఆయన. మా పిల్లోని దగ్గరికి అన్నాను. ఎంప్లాయీ ఐడీ అడిగినాడు. కన్న తండ్రికి కొడుకు పేరు తెలుస్తాది గానీ నంబరు యాడ తెలుస్తాది? సంచి తీసి యంత్రంలో పెట్టినారు. లోపల తాళాలు, కండ్లద్దాల డబ్బా, ఆకువక్క. ఆకువక్క చూసి, ఉమ్మకూడదని చెప్పినాడు. కూర్చునేదానికి అరుగు లేదు, చెట్టు కింద రాయి లేదు. చెట్లు ఉన్నాయి, వాటి చుట్టూ కంచె. ఆ పొద్దు పన్నెండంతస్తుల నీడలో నిలబడి తాగేదానికి ఒక టీ బంకు కోసం వెతికితే, ఫ్లైఓవరు కింద దొరికింది. దొరికింది గానీ ఆ బంకాయన కండ్లన్నీ రోడ్డు మీదే, మునిసిపాలిటీ బండి వస్తే ఎత్తుకోని పరుగెత్తాల కదా. వ్యాపారం పేరు పెట్టుకున్న జాగాలో అసలు వ్యాపారి ఆయనొక్కడే, దొంగ మాదిరి భయపడతా ఉన్నదీ ఆయనొక్కడే.

ఇంత మాట అన్నాక న్యాయం కూడా చెప్పాల. ఊరు బయటికి పాకడం ఆ నగరానికి కొత్త కాదు. చార్మినారే ఒకప్పటి కొత్త పేట. గోల్కొండ కోటలో జనం కిక్కిరిసి, నీళ్లకు కటకటై, 1591లో కులీ కుతుబ్‌షా మూసీ దాటి కొత్త ఊరు కట్టించినాడు. అప్పుడు గోల్కొండలో ఏ ముసలాయనో అరుగు మీద కూర్చోని నా మాదిరే సణిగి ఉంటాడు, ‘అంత దూరం పోయి ఏం కొంటారప్పా అక్కడ?’ అని. తర్వాత కోఠీలో తెల్లదొరల రెసిడెన్సీ వచ్చింది. దాని చుట్టూ లేచిన రెసిడెన్సీ బజారులో నైజాము చట్టం చెల్లదు, దొర చట్టమే. వడ్డీవ్యాపారులు, సాహుకార్లు అది చూసుకోనే అక్కడ దిగినారు. 1933లో దాన్ని మళ్లీ నైజాముకు అప్పగించినారు, సుల్తాన్‌బజారు అని పేరు మారింది. ఒక ఊర్లోనే గీత గీసి, ఈ గీత లోపల చట్టం వేరు, పన్ను వేరు అని వ్యాపారాన్ని పిలవడం ఈ పొద్దు సెజ్ అంటారు గానీ, ఆ ఎత్తు రెండు నూర్ల ఏండ్ల నాటిదే. 1806లో హుస్సేన్‌సాగర్ ఆవల సికింద్రాబాదు కంటోన్మెంటు కూడా అట్లా లేచిన ఊరే.

తేడా ఒకటుంది. వాళ్లు ఊరు కట్టేటప్పుడు ముందు బజారు వేసినారు. చార్మినారు నాలుగు దిక్కులా నాలుగు వీధులు, అన్నిట్లో అంగళ్లు, నడుమ గుల్జార్‌హౌజులో నీళ్లు. రాజుకెంత పని ఉందో, గాజుల వానికీ అంతే పని ఉండేట్టు గీసినారు. గాడిద మీద మూట వేసుకోని వచ్చినోణ్ణి గేటు దగ్గర నంబరు అడగలేదు.

1998 నవంబరులో వాజ్‌పేయిగారు సైబర్ టవర్స్ ప్రారంభించినప్పుడు ఫొటో పేపర్లో చూసినాను. గుండ్రంగా పది అంతస్తులు, చుట్టూ బండరాళ్లు, ముళ్లచెట్లు. మా దేవనకొండ గుట్టల మాదిరే ఉందే, ఈడ ఎవురు పోతారు అన్నాను. అందరూ పోయినారు. ఎందుకు పోరు? పాత ఊర్లో పది గజాలు కొనాలంటే పది మంది వారసుల సంతకాలు, నాలుగు కోర్టు కాగితాలు. అక్కడేమో ఎకరాల కొద్దీ సర్కారు బండలు, అడిగినోనికి అడిగినంత. పైగా పాతబస్తీలో కర్ఫ్యూ భయం. 1990 డిసెంబరు కర్ఫ్యూ మా తట్టు వ్యాపారులెవరూ మరవలేదు. సరుకు గోదాములో, మనం లాడ్జిలో, మధ్యన పోలీసులు. అమెరికా కంపెనీ అట్లాంటి జాగాలో ఆఫీసు పెడతాదా? పెట్టదు. 2006లో ఇన్ని అంతస్తులే కట్టాలన్న కట్టడి కూడా తీసేసినారు, ఇంగ ఆకాశమే హద్దు. 2023 ఆగస్టులో కోకాపేటలో సర్కారు వేలం పెడితే ఎకరం నూరు కోట్లు దాటింది. నూరు కోట్లు! ఆ ఎకరంలో ఏం పండిస్తే గిట్టుబాటయితాదో మా ఆలూరు నల్లరేగడి రైతుకు ఎవరన్నా చెప్పాల.

ఉద్యోగాల మాట ఎత్తితే నా నోరు మూతపడుతాది, ఒప్పుకుంటా. తెలంగాణలో ఐటీ చేసేవాళ్లు 2022-23 నాటికి తొమ్మిది లక్షల మందంట, ఎగుమతులు 2.41 లక్షల కోట్లంట. అందులో మా పిల్లోడూ ఒకడు, ఆస్పరి పిల్లోళ్లు, పత్తికొండ పిల్లోళ్లూ ఉన్నారు. ఫ్యాన్సీ అంగడి మీద నేను వానికి ఆ బతుకు ఇచ్చేవాణ్ణి కాదు. కానీ ఆ తొమ్మిది లక్షల్లో ఎక్కువ మందిని ఒకే నగరంలో, ఆ నగరంలోనూ ఒకే మూలకు తోసి కూర్చోబెట్టడం ఏం తెలివి? 1956లో కర్నూలు నుంచి రాజధాని తీసుకుపోతే పోనీలే అనుకున్నాం. 2014లో రాష్ట్రం రెండు ముక్కలయ్యే నాటికి చూస్తే చెట్టు కాయలన్నీ పక్కింటి దొడ్లో రాలినట్టయింది.

ఇంకో తమాషా. మా పిల్లోళ్లు ఏండ్ల తరబడి హైదరాబాదులో ఉంటారు గానీ హైదరాబాదు చూడరు. కర్నూలు రోడ్డు శంషాబాదు మీదుగా ఆరాంఘర్ చేరి, అట్నుంచి పాతబస్తీని ఒరుసుకోని లోపలికి పోయేది. 2008లో ఔటర్ రింగురోడ్డు మొదటి ముక్క తెరిచినారు, గచ్చిబౌలి నుంచి శంషాబాదు దాకా. అంతే, కర్నూలు నుంచి వచ్చే కారు శంషాబాదులో ఎడమకు తిరిగి నేరుగా అద్దాల మేడ కిందికి పోతాది. చార్మినారు కుడిచేతి పక్క యాడో మిగిలిపోతాది. మా మనవణ్ణి బేగంబజారు చూసినావా నాయనా అంటే, “అది బిర్యానీ హోటలా తాతా?” అన్నాడు. వాని ఇంటి నుంచి పట్టుమని రెండు గంటల దారి కూడా లేదు.

ఆ మేడలు కట్టిందెవరో కూడా చూడని రోడ్డు అది. ఒక సాయంత్రం కొత్త మేడ లేస్తున్న చోట ఇనుప రేకుల కంచె పక్కన కూర్చుంటే కన్నడం కలిసిన తెలుగు వినపడింది. కోసిగి నుంచి, హొళగుంద నుంచి వచ్చినోళ్లు. మా తట్టు పంట పోతే సుగ్గికి పోతారు. గుంటూరులో మిరపకాయలు కోసేదానికి, బెంగళూరులో మట్టి మోసేదానికి. వీళ్లు ఈ పక్కకు వచ్చినారు. “యాడిదప్పా మీది?” అంటే ఊరు చెప్పి, “పని అయిపోయినాక లోపలికి రానీరు పెద్దాయనా” అని నవ్వినాడు ఒకడు. అయిదారు మేడలు కట్టినాడంట, ఏ ఒక్కదాని లిఫ్టూ ఎక్కలేదంట. పత్తర్‌గట్టీ రాళ్లు చెక్కినోడు మాత్రం సాయంత్రానికి ఆ కమాను కిందే కూర్చోని చాయి తాగి ఉంటాడు.

మా పిల్లోడు నా సణుగుడు విని విని ప్రపంచం చూపిస్తానని ఫోను తీసినాడు. పారిస్‌లో కూడా పాత ఊరికి పడమరనే, లా డెఫాన్స్ అని 1958 నుంచి ఇట్లాంటి మేడల పేట కట్టినారంట. పాత పారిస్ లోపలే 1973లో మోంపర్నాస్ టవరు లేస్తే జనం గోల చేసి, ఆ తర్వాత నడిబొడ్డులో ఎత్తు కట్టడాలకు కళ్లెం వేసినారంట. లండన్‌లో మూతబడ్డ ఓడరేవు జాగాలో కానరీ వార్ఫ్ అంట. “చూసినావా నాయనా, అందరూ ఇంతే” అన్నాడు. చూసినాను. మేడలు బయటికి తోసి పాత ఊరిని వాళ్లు అద్దం మాదిరి తుడిచి పెట్టుకున్నారు. మనమేమో కొత్తదాన్ని అద్దాలతో కట్టి పాతదాన్ని గాలికి వదిలేసినాం. మెట్రో రైలు చూడండి. 2019లోనే హైటెక్ సిటీకి పోయింది, ఆ ఏడే రాయదుర్గం దాకా సాగింది. మా అనంతపురం రాయదుర్గం కాదులెండి, అక్కడొకటి ఉంది. పాతబస్తీకి మాత్రం 2024 మార్చిలో శంకుస్థాపన రాయి వేసినారు. ఐడీ కార్డులోళ్లు కాదు, వెయ్యి మంది మూటలోళ్లు రోజూ తిరిగే జాగా అది. రైలు ఎవరికి ముందు కావాల?

నీళ్ల సంగతీ అంతే. దుర్గం చెరువు ఒకప్పుడు గోల్కొండ కోటకు తాగునీళ్లు ఇచ్చిన చెరువు. 2020లో దాని మీద తీగల వంతెన కట్టి రంగురంగుల లైట్లు పెట్టినారు. జనం రాత్రిపూట పోయి ఫోటోలు దిగుతారు. వంతెన బాగుంది. ఆ చెరువు నీళ్లు ఎవరన్నా ఒక చెంబుడు ముంచుకోని తాగి చూపిస్తే ఇంకా బాగుంటాది.

2020లోనే కదా కరోనా వచ్చింది. అప్పుడు మా పిల్లోడు ల్యాప్‌టాపు ఎత్తుకోని ఆలూరుకు వచ్చి, పడసాలలో జొన్నరొట్టె తింటా ఏడాదికి పైగా పనిచేసినాడు. జీతం ఒక్క రూపాయి తగ్గలేదు. కంపెనీ కూలిపోలేదు. మేడలన్నీ దయ్యాల కొంపల మాదిరి ఖాళీగా ఉన్నాయి, వాటిని నమ్ముకున్న హాస్టళ్లు, కర్రీ పాయింట్లు, ఆటోలోళ్లు మాత్రం మట్టిగొట్టుకోని పోయినారు. మరి ఆలూరు పడసాలలో అయ్యే పనికి అంత ఎత్తు అద్దం ఎందుకు కట్టినట్టు? ఈ మాట అడిగితే వాడు మూతి ముడుచుకున్నాడు. తర్వాత కంపెనీయోళ్లే, వారంలో మూడు రోజులు రావాల్సిందే అని పిలిపించినారు. ఉగ్గాని బజ్జీ కట్టించుకోని పోయినాడు పాపం.

ఇంగ మా ఆలూరు సంగతి. పట్నం చేసిందే పల్లె చేస్తాది కదా. పాత బజారులో మా అంగడి వరసలో సగం తలుపులు మూసినారు. ఆదోని రోడ్డులో, గుంతకల్లు రోడ్డులో షట్టర్ల కాంప్లెక్సులు లేచినాయి, ముందర కారు ఆపుకునే జాగా, పైన ఏసీ డబ్బాలు. నడిచి వచ్చే ఆడోళ్లకు దూరం, ఆటోకు ఇరవై రూపాయలు. నా అంగడి నేను మూయలేదు. సరుకు తక్కువైంది గానీ, పొద్దున తలుపు తీసి బెంచీ బయట వేస్తే మాట్లాడేదానికి మనుషులన్నా వస్తారు. వాళ్లలో సగం మంది కొనేదానికి రారు, ఫోను చార్జింగు పెట్టుకునేదానికి వస్తారు.

మొన్న మా మనవరాలు లాడ్‌బజారు గాజులు కావాలని అడిగింది. పోయి తెస్తానంటే, నీకెందుకు తాతా శ్రమ అని ఫోనులో ఏదో నొక్కింది. నాలుగు రోజులకు అంగడి ముందర బండి ఆగింది, డబ్బా దించినాడు ఒక పిల్లోడు. డబ్బా మీద రేటు చూస్తే నాకు చెమటలు పట్టినాయి. లాడ్‌బజారులో ఈ సరుకు నేను మోసినోణ్ణి, దీని అసలు నాకు తెలుసు.

“ఇంతెందుకప్పా? ఇంకో రెండు డజన్లు తీసుకుంటా, ఎంతకిస్తావు?”

“పెద్దాయనా, నేను తెచ్చి ఇచ్చేవాణ్ణి. బేరం నాతో కాదు.”

“మరి ఎవరితో ఆడాల?”

“ఏమో పెద్దాయనా, నాకూ తెలీదు. ఓటీపీ చెప్పండి, నేను ఇంకా హాలహర్వి దాకా పోవాల.”